ఆజ్ఞకు హారతి

వెనకటికి ఒకానొక రాజ్యంలో, ఆకలి వేసినా ఆజ్ఞాపత్రం రాసి, ముద్ర వేసి వంటశాలకు పంపే రాజుగారొకరు ఉండేవారు. పేరు గజపాలుడు. తన ముద్ర పడితే కొండైనా కదులుతుందని ఆయన ధీమా.

ఆ రాజ్యపు విద్యాపీఠంలో నాగదేవుడు పన్నెండేళ్లు గణితం చదివి, పరీక్షలో అందరికంటే ముందు నిలిచాడు. అధ్యాపకుడి స్థానం అతనికే రావాలి. కులపతి విశ్వంభరాచార్యులు దాన్ని తన మేనల్లుడి కోసం అట్టేపెట్టాడు. నాగదేవుడు రాజుగారి న్యాయసభకెక్కి గెలిచాడు. అతన్ని నియమించమని ఆజ్ఞ వెళ్లింది. ఏడాదికొకటి చొప్పున మూడు వెళ్లాయి. కులపతి ఉలకలేదు, పలకలేదు.

నాగదేవుడికి పదవి మీద మోజు లేదు. ఎదురుగా నలుగురు పిల్లలు కూర్చుంటే లెక్క విప్పి చెప్పాలని ప్రాణం కొట్టుకుపోయేది. దారిలో నడుస్తూ లేని శిష్యులకు పాఠం చెప్పుకునేవాడు. చూసినవాళ్లు పాపం, మతి చలించిందనుకున్నారు.

చివరికి, "కులపతి మీ ఆజ్ఞను ధిక్కరించాడు ప్రభూ!" అని మొరపెట్టుకున్నాడు. రాజు అతన్ని వెంటబెట్టుకుని స్వయంగా పీఠానికి వెళ్లాడు. అక్కడ మూడు ఆజ్ఞాపత్రాలూ వెండి మందసంలో, పూలమాలల కింద ఉన్నాయి. ఆచార్యులు వాటికి హారతిచ్చి కళ్లకద్దుకున్నాడు.

"ప్రభువుల ఆజ్ఞ మాకు దైవం. మూడు పూటలా పూజే!"

రాజు పొంగిపోయాడు. "ఇంత భక్తి ఉన్నచోట ధిక్కారమేమిటయ్యా?" అని నాగదేవుణ్ణే కసిరి, ఆచార్యులను మర్నాడు విందుకు పిలిచాడు.

నాగదేవుడు రాజు వెనకే కోటకు తిరిగొచ్చి వంటశాల అరుగు మీద కూలబడ్డాడు. వంటశాల పెద్ద ఎర్రమ్మ మజ్జిగిచ్చి సంగతంతా విన్నది.

"పాఠం చెప్పాలనుందమ్మా. అంతకంటే ఏమీ వద్దు," అంటూ కళ్లనీళ్లు పెట్టుకున్నాడు.

"ఊరుకో నాయనా. రేపు మధ్యాహ్నం ఇక్కడికి రా," అన్నది ఎర్రమ్మ.

మర్నాడు రాజూ ఆచార్యులూ విస్తళ్ల ముందు కూర్చున్నారు. పులిహోర, పనసపొట్టు కూర, పాయసం వడ్డించమని పొద్దున్నే ఆజ్ఞ వెళ్లింది. జాము గడిచినా మెతుకు రాలేదు. రాజు కోపంగా వంటశాలలోకి వచ్చాడు, వెనకే ఆచార్యులు. చూస్తే పొయ్యిలో పిల్లి లేవలేదు. పీట మీద ఆజ్ఞాపత్రం, దానికి బంతిపూల దండ. ఎర్రమ్మ హారతి తిప్పుతోంది. పక్కనే నాగదేవుడు బిక్కచచ్చి నిలబడ్డాడు.

"వంటేదీ?" అని గర్జించాడు రాజు.

"పొద్దుట్నించీ మీ ఆజ్ఞకు పూజతోనే సరిపోయింది ప్రభూ. వండుతూ కూర్చుంటే భక్తి తగ్గదూ? ఆచార్యులవారి పద్ధతే పట్టుకున్నాను."

"నా కడుపు కాలిపోతోందే!"

"మీరు ఒక్క పూట ఆగలేకపోయారు. ఈ నాయన మూడేళ్లు ఆగాడు."

రాజు ఆచార్యుల వైపు చూశాడు, మందసంలా మెరిసే ఆ మొహం మాడిపోయింది. అంతే, రాజు పగలబడి నవ్వాడు. నవ్వుతూనే చేతి కంకణం తీసి ఎర్రమ్మకిచ్చాడు.

"ఆచార్యా, ఇతన్ని ఇప్పుడే తీసుకెళ్లి పిల్లల ముందు కూర్చోబెట్టు. పాఠం మొదలైందన్న కబురు వచ్చాకే నేను భోంచేస్తాను. నువ్వూ అంతే!"

ఆచార్యులు ఆ రోజు నడిచినంత వేగంగా ఎన్నడూ నడవలేదట. పొయ్యి వెలిగింది, వంట ఉడికింది, కబురు మాత్రం రాలేదు. చివరికి భటుడు పరుగున వచ్చాడు.

"పాఠం ఇంకా మొదలుకాలేదు ప్రభూ. పిల్లల్ని చూసి ఆయన ఏడుస్తూ కూర్చున్నాడు."

ఎర్రమ్మ గరిటె పట్టుకుని రాజు మొహంలోకి చూసింది.

"తొందరపెట్టకండి," అన్నాడు గజపాలుడు, ఖాళీ విస్తరి ముందు కూర్చుని.