బడికెక్కిన గిజిగాడి గూడు

వాగు ఒడ్డున అడవి బడిలో నక్క లెక్కల పంతులు. పాఠమంటే పలక నిండా గుండ్రాలు గీసి, పిల్లలు తూగుతుంటే తనూ ఓ కునుకు తీయడమే. అలాంటివాడికి కబురొచ్చింది. అడవివాళ్ల విద్యలతో లెక్కలు చెబుతున్నారో లేదో చూడ్డానికి ఏనుగు దొర తనిఖీకి వస్తున్నాడట.

నక్క సరాసరి ఈతచెట్టు దగ్గరికి పరిగెత్తాడు. అక్కడ గిజిగాడు గూడు అల్లడం ముగించి, పెళ్లానికి మురిపెంగా చూపిస్తున్నాడు.

"ఏమోయ్ గిజిగా, నీ గూడు ఒక్క పూట బడికి కావాలి. పేరు నీకే వస్తుంది."

"గూడెందుకు పంతులుగారూ, నేనే వస్తాను. పిల్లల ముందే అల్లి చూపిస్తాను."

"నువ్వొచ్చి ఏం చెబుతావులే!"

"అది కాదండీ, ఒకసారి తెంపితే మళ్లీ కట్టడానికి రాదు. ఇంటిది నేడో రేపో గుడ్లు పెడుతుంది. వాన కూడా ముంచుకొస్తోంది."

"గూడేగా! ఇంకోటి అల్లుకుందువులే" అని నక్క మట్టను కిందికి లాగి గూడు పుటుక్కున కొరికి తెంపేశాడు.

ఏనుగు వచ్చేసరికి గూడు బడి మధ్యలో వేలాడుతోంది, చుట్టూ పూలదండ కూడాను.

"భేష్! దీంతోనే వృత్తం పాఠం చెప్పావా?"

"చిత్తం. మా పిల్లలకి కొట్టిన పిండి."

ఏనుగు ముందు వరసలో ఉన్న ఉడతపిల్లని అడిగాడు. "ఏదీ, గూడు ఇంత గుండ్రంగా ఎలా వస్తుందమ్మా?"

"తెలీదండి. ముట్టుకోవద్దన్నారండి పంతులుగారు."

"అయితే నువ్వే చెప్పవయ్యా."

నక్క పలక తీసి గుండ్రం గీయబోయాడు. అప్పుడు కిటికీలోంచి గిజిగాడి పెళ్లాం గొంతు వినబడింది.

"మా ఆయన ముందు గడ్డితో ఓ వలయం కట్టి అందులో నిలబడతాడండి. అక్కణ్ణించి కదలకుండా ముక్కు ఎంతవరకు అందితే అంతవరకే అల్లుతాడు. వచ్చి చెబుతానన్నాడు, వద్దన్నారు. పోనీండి. నాకు పొద్దుట్నించీ నొప్పులుగా ఉంది, నా గూడు నాకిచ్చేస్తారా?"

భేష్ అన్న ఏనుగే గూటి చుట్టూ ఉన్న పూలదండ తీసేశాడు. తెగిన గూడు ఏ కొమ్మకీ నిలవదని అందరికీ తెలుసు. నక్కకి తల కొట్టేసినట్టయింది. పిల్లల వైపు చూడలేకపోయాడు.

ఆ సాయంత్రం బడి ఈతచెట్టు కిందికి మారింది. గిజిగాడు మళ్లీ గూడు అల్లడం మొదలుపెట్టాడు. "దగ్గరికి రండి పంతులుగారూ, అక్కణ్ణించి కనబడదు" అన్నాడు మామూలుగానే. ఆ మర్యాదకి నక్క మరీ కుంచించుకుపోయాడు.

వలయం పూర్తయ్యేలోపే చినుకులు మొదలయ్యాయి. గిజిగాడి పెళ్లాం కిందికి వాలిన మట్ట మీద తడుస్తూ కూర్చుంది. నక్క వెళ్లి తన తోకని ఆమె మీద గొడుగులా పట్టాడు. ఆమె వానలోకి కాస్త జరిగి కూర్చుంది.

నీతి: ఎదుటివారి విద్య బడికి కావాలంటే పిలవాల్సింది వాళ్లని, తెంపుకు రావాల్సింది వాళ్ల గూడుని కాదు.