గాజు తలుపు గాడి

భీమిలిలో సముద్రానికి ఎదురుగా ఉన్న ఆ ఇంట్లో విశాలాక్షమ్మగారు ఎవరి ప్రశ్నకూ అప్పటికప్పుడు బదులిచ్చేవారు కారు. అడిగినవాళ్లకు ఏదో ఒక పని అప్పజెప్పి, తాము జపంలో పడిపోయేవారు. మా మేనత్త వకుళ ఆవిడ దగ్గర శిష్యురాలిగా ఉంటూ, ఇంటి తాళాలు బొడ్లో దోపుకుని తిరిగేది. మా ఇళ్లలో ఇప్పటికీ చెప్పుకునే ఈ ముచ్చట ఆమెదే.

ఆ వానాకాలం నూకరత్నం అనే ఆవిడ కొత్తగా వచ్చి చేరింది. హాల్లో, వరండా వైపు పక్కకు జరిపే పెద్ద గాజు తలుపు దగ్గరే చాప పరుచుకునేది. ఒక ప్రశ్న అడగదు, ఒక మాట పైకి అనదు. ఎందుకొచ్చినట్టు? ఎవరు పంపినట్టు? జపమాల తిప్పుతున్నా వకుళ కన్ను అటే పోయేది. ఆవిడ నవ్వితే ఎందుకు నవ్విందా అని, నవ్వకపోతే ఏం దాస్తోందా అని. చివరికి తనమీద తనకే విసుగొచ్చి అమ్మగారిని అడిగింది: "అమ్మా, అనుమానం మనసులోకి రాకుండా ఎలా కాపాడుకోవాలి?"

"ఆ గాజు తలుపు సందుల్లోంచి ఇసుక ఒకటే కొడుతోంది. ముందు అవి మూసి రా," అన్నారు అమ్మగారు.

వకుళ పనికి వంక పెట్టడానికి ఉండదు. తలుపు అంచుల వెంట స్పాంజి పట్టీ అంటించింది. రెండు రెక్కలూ కలిసేచోట బ్రష్షు పట్టీ బిగించింది. అంతటితో తృప్తి పడక వరండాలో గొంతుక్కూర్చుని చూస్తే, తలుపు జరిగే గాడికి బయటివైపు సన్నని బెజ్జాలు కనిపించాయి. చీమలు దూరేది ఇందులోంచేనని, వాటిలో లప్పం కూరి వేలితో నున్నగా అదిమింది. అమ్మగారు కిటికీలోంచి చూస్తూనే ఉన్నారు.

మర్నాడు గాలివాన. వకుళ లేచి వచ్చేసరికి హాలంతా నీళ్లు. అమ్మగారి దర్భాసనం నానిపోయింది. నూకరత్నం కుచ్చెళ్లు ఎగదోపుకుని, గుడ్డతో అద్ది బకెట్లోకి పిండుతోంది.

"తలుపెందుకు తీశావు?"

"నాను తియ్యనేదమ్మా. తీస్తే ముందు తడిసేది నా పక్కే కదేటి?"

జవాబు అంత తొందరగా వచ్చిందంటే ముందే వండి పెట్టుకుందన్నమాట, అనుకుంది వకుళ. తిన్నగా అమ్మగారి దగ్గరికి వెళ్లి, "సందన్నది లేకుండా నా చేతులతో మూశాను. ఇది మనిషి పనేనమ్మా. ఆవిడనైనా పంపెయ్యండి, ఈ తాళాలైనా తీసుకోండి," అంది.

ఆ మాట నూకరత్నం చెవిన పడనే పడింది. గుడ్డ పక్కన పెట్టి, తడిసిన చీరలు మూట కట్టుకోసాగింది. ఎక్కడికి పోతుందో ఆవిడ చెప్పలేదు, ఎవరూ అడగలేదు.

అమ్మగారు లేచి వరండాలోకి నడిచారు. "వకుళా, చేతి గాజుకు పిన్నీసు తగిలించుకుంటావుగా, అది తియ్యి. నిన్న నువ్వు మూసినచోట గుచ్చు," అన్నారు.

వకుళ వంగి చూసింది. వాననీళ్లు గాడిలో అంచుదాకా నిలిచి, పోయే వీలు లేక లోపలికి పొర్లుతున్నాయి. లప్పం ఇంకా పచ్చిగానే ఉంది. పిన్నీసుతో గుచ్చి లాగితే ముద్ద ఊడివచ్చింది. వెనకే నీళ్లు సన్నని ధారగా బయటికి దూకాయి. చూస్తుండగానే గాడి ఖాళీ అయింది.

మూట చంకనెట్టుకుని గుమ్మంలో నిలబడ్డ నూకరత్నం, "ఆ లప్పం కూడా నానే ఎట్టానంటారేటమ్మా?" అంది.

వకుళ లేచి వచ్చింది. ఆవిడ చంకలోంచి మూట అందుకుని, ముడి విప్పి, చీరలు ఒక్కొక్కటే పిండి హాల్లో దండెం మీద ఆరేసింది. తర్వాత తాళాలు తెచ్చి అమ్మగారి పాదాల దగ్గర పెట్టింది.

అమ్మగారు వాటిని ముట్టుకోలేదు.

"వాన పడ్డాక గాడిలోకి నీళ్లు రాకుండా ఉంటాయటే? వస్తాయి, రానీ," అన్నారు. "పోవడానికి దారి ఉంచావా, లేదా?"