పుల్లమ్మ పేరు

"గురువుగారూ, ఒక పేరుకి ఇదే అసలైన అర్థమని తేలేది ఎక్కడండీ?" అని శిష్యుడు విస్సన్న అడిగాడు. ప్రశ్న వినగానే ముక్కుపొడుం ఒక పట్టు పట్టి ఊరుకోవడం చయనులు గారి అలవాటు. ఆ రోజూ పొడుం డబ్బీ తీశారు.

పిల్లల పేర్లకు అర్థాలు సరిచూడడం ఆ రోజుల్లో ఆయన అరుగు మీద జరిగే పని. బారసాల ముందురోజు కోనసీమ ఊళ్ళనుంచి జనం పడవలెక్కి వచ్చేవారు. ఆ పడవలు ఇప్పుడు లేవు. సరంగు కేక వినిపిస్తే చాలు, పిల్లలంతా గట్టెక్కి చేతులూపేవారు. సరే, అది వేరే సంగతి.

ఆ పూట రాఘవులనే రైతు తల్లి పుల్లమ్మను వెంటబెట్టుకుని వచ్చాడు. మర్నాడు అతని కూతురికి బారసాల. తల్లి పేరే పెట్టాలని అతని పట్టు, వద్దని ఆవిడ పట్టు.

"నా పేరు నాతోనే పోనివ్వండయ్యగారూ. 'పుల్లమ్మా, చింతకాయవా నిమ్మకాయవా' అని అత్తారింట్లో ఒకటే ఏడిపించారు. మా అమ్మకి నా మీద ఏం కసో!"

రాఘవులు సంతలో కొన్న పేర్ల పుస్తకం తీశాడు. "ఇందులో మంచి అర్థమే ఉందండీ ఆయ్. ఫుల్లమంటే విరిసిన పువ్వంట."

విస్సన్న ఆగలేకపోయాడు. నిఘంటువు తెరిచి, "తప్పు. ఇది అచ్చ తెలుగు మాట. పుల్లాకు అంటే తిని పారేసిన ఎంగిలి విస్తరాకు. పేరు దాన్నుంచి వచ్చింది" అన్నాడు.

పుల్లమ్మ మొహం మాడిపోయింది. "విన్నావురా? ఎంగిలాకుట! పెట్టు నీ కూతురికి" అని చెంగు దులుపుకుని లేచింది.

చయనులు గారు మెల్లిగా అడిగారు. "నీకు ముందు మీ అమ్మకి ఎందరమ్మా?"

"నలుగురండి. ఒక్కరూ పురిటి నెల దాటలేదుట."

"నిన్ను 'నా పిల్ల' అనే పొరుగావిడ ఎవరైనా ఉండేదా?"

మెట్టు దిగబోతున్న పుల్లమ్మ ఆగిపోయింది. "గవరమ్మత్త! 'చాటెడు తవుడికి నిన్ను మీ అమ్మకి అమ్మేశానే' అని నవ్వేదండి. వేళాకోళమనుకున్నాను."

"వేళాకోళం కాదు తల్లీ. వరసగా పిల్లలు పోయిన ఇంట్లో, పుట్టిన బిడ్డని తల్లే, భోజనాల బంతి లేచాక ఎంగిలాకుల మీద పడుకోబెట్టేది. పొరుగావిడ ఎత్తుకుని, ఇంత తవుడు పుచ్చుకుని మళ్ళీ తల్లికిచ్చేది. పారేసిన బిడ్డని మృత్యువు కన్నెత్తి చూడదని వాళ్ళ ఆశ."

ఆవిడ వెనక్కొచ్చి అరుగు అంచున కూర్చుంది. "ఆ ఆకుల దగ్గర మా అమ్మ ఎంత వణికిపోయిందో" అంది. తరవాత ముక్కు చీది కొడుకు వైపు తిరిగింది. "నా పేరే పెట్టరా. పిల్లని మాత్రం ఆకుల్లో దొర్లించకు, చీమలు కుడతాయి."

పడవ కదిలాక విస్సన్న కాస్త గర్వంగానే, "అయితే నేను చెప్పిందే అసలైన అర్థం కదండీ" అన్నాడు.

చయనులు గారు పొడుం డబ్బీ మూత బిగించారు.

"ఆకు దాకా వెళ్ళావురా. ఆ ఆకు మీద పడుకోబెట్టిన చెయ్యి ఎవరిదో అడిగావా?"