రాయిదింపుల వాకిలి

పూర్వం, వెలికొండల పడమటి వాలున ఉన్న సిరిగుంట దుర్గాన్ని ఒక పాలెగారు ధర్మబద్ధంగా పరిపాలిస్తున్న రోజులలో, ఆ ఊరి కోటవాకిలిని కాచే భారం పోలినేడు అనే తలారి మీద ఉండేది. ఊరి చుట్టూ రాతిగోడ, గోడకంతటికీ ఒకే వాకిలి, దానికి ఏనుగు నెట్టినా కదలని మద్దిచెక్క తలుపులు, పక్కనే ఎత్తైన రాతిగుండు, ఆ గుండు మీద ఒక నగారా ఉండేవి. పోలినేడు పొద్దు పొడిచింది మొదలు పొద్దు గుంకేదాకా ఆ గుండుమీదనే కూర్చుండి, తూర్పు కనుమలో నుంచి దిగివచ్చే బాటను కనిపెట్టి చూస్తూ ఉండేవాడు. వచ్చేవారు అయినవారైతే నగారా మీద ఒక్క దెబ్బ పడేది, కానివారైతే ఎడతెగని మోత వినబడేది. ఆ మోత వినగానే ఊరివారు తలుపులు బిగించి, గోడమీద పోగుచేసి ఉంచిన రాళ్ళు చేతబట్టుకొని నిలబడేవారు.

మనుషులు కంటబడకముందే వారు లేపిన దుమ్మును చూసి వారెవరో చెప్పగలగడం పోలినేడు విద్య. ఎద్దుబండ్ల దుమ్ము నేలను విడవకుండా పొరలుగా సాగుతుందనీ, గుర్రాలది తోకలాగా పైకి లేస్తుందనీ, గాడిదలది అడ్డంగా పరచుకుంటుందనీ అతనికి చిన్ననాటినుంచీ తెలుసు. అతడు చెప్పింది చెప్పినట్టు జరిగేది గనుక అతని మాట ఊరికి వేదవాక్కు. పాపం, అతని విద్యలో లోపమేమీ లేదు. అయితే, దుమ్మును చూసి పశువును పోల్చగలిగినవాడు, ఆ పశువును తోలే మనిషి మనసును కూడా పోల్చగలనని ఏనాడు నమ్మడం మొదలుపెట్టాడో, అది అతనికే తెలియదు.

ఆ కాలంలో తూర్పుతీరపు ఉప్పును గాడిదలమీద వేసుకొని కనుమ దాటివచ్చే ఉప్పుబిడారుల వారంటే సిరిగుంట ప్రజలకు మహా అనుమానం. బిడారు మెల్లగా వస్తే ఇళ్ళూ వాకిళ్ళూ గుర్తుపెట్టుకోవడానికి వచ్చారనేవారు, వడిగా వస్తే కొల్లగొట్టడానికే వచ్చారనేవారు. ఒకసారి బిడారువాడొకడు బాటలో దొరికిన వెండికడియాన్ని తెచ్చి వాకిట్లో ఇచ్చిపోతే, వాళ్ళలోనూ ఎవడో ఒక మంచివాడు తప్పబుట్టాడని మెచ్చుకొని, మిగిలినవారిని మాత్రం యథాప్రకారం తిట్టుకున్నారు. ఆడమనిషి చేత ఏడిపించి, జాలిపడి తలుపు తీస్తే ఊరిమీద పడతారని తాతలనాటి కథ ఒకటి ఉండేది. అది కళ్ళారా చూసినవాడు ఒక్కడూ లేడు, చెప్పనివాడూ ఒక్కడూ లేడు. నిప్పు లేనిదే పొగ రాదుగదా అని అందరూ తలలూపేవారే గాని, ఆ పొగ పెట్టింది తామేనని ఎవరికీ తట్టలేదు. ఉప్పు తిన్న విశ్వాసం గురించి అరుగుల మీద కూర్చుని అన్ని నీతులు చెప్పుకునే ఆ పెద్దమనుషులకు, తాము తినే ఉప్పు ఎవరి వీపుమీద వచ్చిందన్నది మాత్రం గుర్తుకు వచ్చేది కాదు.

పోలినేడుకు వెంగమ్మ అనే ఒక్కతే కూతురు. తల్లిలేని పిల్లను కళ్ళలో పెట్టుకొని పెంచి, కనుమకు ఆవలి ఊరిలో ఇచ్చి పెళ్ళిచేశాడు. ఆమె నిండుచూలాలై, తొలికాన్పుకు పుట్టింటికి వస్తున్నదని కబురు తెలిసిన నాటినుంచి, అతడు నులకమంచం బిగించి, వామూ శొంఠీ తెచ్చిపెట్టి, ఎద్దుబండి దుమ్ముకోసం బాటను చూస్తూనే ఉన్నాడు. రావలసింది ఎద్దుబండి గనుక, ఎద్దుబండి దుమ్ము తప్ప మరొక దుమ్ములో కూతురు ఉండవచ్చునన్న ఊహ అతనికి కలలోనైనా రాలేదు.

కాని ఆ బండి కనుమలో ఇరుసు విరిగి బోల్తాపడింది. అల్లుడి తల బండకు తగిలి స్పృహ తప్పింది. వెంగమ్మకు ఆ అదురుకు దారిలోనే నొప్పులు మొదలైనాయి. దైవికంగా ఆ వెనుకనే ఉప్పుబిడారు ఒకటి వచ్చింది. అందులో గంగసాని అనే ముసలమ్మ మంత్రసానితనంలో ఆరితేరినది. ఆమె వెంగమ్మ కడుపుమీద చెయ్యివేసి చూసి, బిడ్డ అడ్డం తిరిగి ఉన్నదనీ, వేడినీళ్ళూ నీడా ఉన్నచోటికి చేర్చకపోతే రెండు ప్రాణాలూ దక్కవనీ గ్రహించి, రెండు గాడిదల ఉప్పుబస్తాలు దారిలోనే పారవేయించి, ఒకదానిమీద అల్లుడిని పడుకోబెట్టి కట్టించి, మరొకదానిమీద వెంగమ్మను ఎక్కించి, తాను పక్కనే పట్టుకొని నడుస్తూ, బిడారునంతటినీ పరుగులు పెట్టించింది. "భయపడొద్దు తల్లీ, మీ ఊరోళ్ళు తలుపు తీస్తారా?" అని ఆమె అడిగితే, వెంగమ్మ పంటి బిగువున, "మా నాయన గుండుమీదనే ఉంటాడవ్వా. ఎంత దూరాన ఉన్నా మనిషిని పోల్చేస్తాడు. నన్ను పోల్చలేడా?" అన్నది.

పోలినేడు పోల్చాడు. అడ్డంగా పరచుకుంటున్న దుమ్మును చూసి గాడిదలనీ, అది ముందుకు దూకుతున్న తీరును చూసి పరుగెడుతున్నాయనీ, పరుగెడుతున్నాయి గనుక దోపిడికేననీ పోల్చి, రెండుచేతులా నగారా మోగించాడు. తలుపులు మూతపడ్డాయి. బిడారువారు వాకిటిముందుకు వచ్చి, "అయ్యా, మీ ఊరి ఆడబిడ్డ! కాన్పు కష్టంగా ఉంది, తలుపు తియ్యండి!" అని గొంతులు పగిలేటట్టు అరిచారు. ఆమె ఎవరి కూతురో వారికి తెలియదు, తెలిసిన గంగసానికి కాన్పు చూసుకోవడంతోనే సరిపోయింది. ఊరివారు గాడిదకు కట్టి ఉన్న మనిషిని చూసి, ఎవరినో చంపి తెచ్చారన్నారు. ఆడమనిషి మూలుగు విని, అదిగో తాతలు చెప్పిన ఏడుపన్నారు. పచ్చకామెర్ల కంటికి లోకమంతా పచ్చగానే కనబడుతుందని ఊరికే అనలేదు. "మీబోటి వాళ్ళను ఎంతమందిని చూళ్ళేదురా!" అని పోలినేడు గుండుమీదనుంచి గద్దించాడు. నిజానికి ఉప్పు కొలిపించుకునేటప్పుడు తప్ప ఆ మనుషులలో ఒక్కరితోనైనా అతడు నిలబడి మాట్లాడి ఎరుగడు.

ముందుగా రాయి విసిరినవాడు పోలినేడే. ఆ వెనుక గోడమీదివారందరూ విసిరారు. బిడారులోని మగవారు పారిపోగలిగీ పారిపోలేదు. మిగిలిన ఉప్పుబస్తాలను దించి గోడగా పేర్చి, గాడిదలను చుట్టూ నిలిపి, ఆ మరుగున ఆ తల్లిని పడుకోబెట్టారు. రాళ్ళకు బస్తాలు చినిగి ఉప్పు బండమీద పారింది. గంగసాని ఒంగి, తన వీపును చూరులాగా పట్టి, లోపల బిడ్డను తిప్పుతూ ఉన్నది. పోలినేడు విసిరిన రాయి ఆమె నుదుటికి తగిలి నెత్తురు కారినా, చేతులు ఖాళీలేక తుడుచుకోలేదు. అన్ని రాళ్ళలో ఒక్కటైనా తల్లినీ బిడ్డనూ తాకలేదు. అది అమ్మవారి మహిమ అని పెద్దలు చెబుతారు. మహిమే కావచ్చు, అయితే ఆ మహిమకు దెబ్బలన్నీ ఆ ముసలి వీపుమీదనే పడ్డాయి.

పోలినేడు మరొక రాయి ఎత్తిన క్షణానే కేరుమని పసిబిడ్డ ఏడుపు వినిపించింది. ఆ ఏడుపును ఎవరు నేర్పి ఏడిపించగలరు? గోడమీద చేతులన్నీ నిలిచిపోయాయి. ఆ నిశ్శబ్దంలో బస్తాల వెనుకనుంచి ఒక నీరసపు గొంతు, "ఆ రాయి దించు నాయనా. నేను, వెంగమ్మను," అన్నది.

రాయి దించి, గుండు దిగి, తానే గడియ తీసి, పోలినేడు ఎట్లా నడిచివచ్చాడో చూసినవారికి ఆ జన్మకు మరుపు రాలేదు. కూతురి ముఖం చూశాడు, మనుమరాలిని చూశాడు, ఆ తరువాత గంగసాని నుదుటిని చూసి, ఆమె కాళ్ళమీద పడి, పొర్లిపొర్లి ఏడ్చాడు. ఆమె కొంగుతో నెత్తురు ఒత్తుకుంటూ, "లెయ్యి నాయనా. సిరిగుంటోళ్ళు వస్తున్నారంటే చాలు, ఏడ్చే మా పిల్లకాయలు నోరు మూసుకుంటారు. మీరంటే రాళ్ళోళ్ళనే నేనూ పెరిగినా. ఈ పిల్ల నా చెయ్యి పట్టుకున్నాక అదేదీ గుర్తుకు రాలా. ముందు నీళ్ళు కాగబెట్టు," అన్నది. పొయ్యి రాజేసి ఆ నీళ్ళు తానే కాచాడు పోలినేడు.

అల్లుడు తెప్పరిల్లాడు. పురిటిస్నానం దాకా బిడారు ఊరిలోనే ఉన్నది. పోలినేడు ఆమెకు తగిలిన రాయిని వెదికి తెచ్చి, ఎవరికీ చెప్పకుండా ఇంట్లో దాచుకున్నాడు. మరుసటి ఏడు మాఘమాసంలో మనుమరాలిని చంకనెత్తుకొని గుండుమీద నిలబడి, గాడిదల దుమ్ము కనబడగానే ఆనందంతో నగారా మీద ఒక్క దెబ్బ వేసి ఎదురువెళ్ళాడు. బిడారు వచ్చింది గాని గంగసాని రాలేదు. వానకాలంలో జ్వరం వచ్చి కాలం చేసిందని వారు చెప్పారు. అతడు ఇంటికి పోయి, దాచిన రాయిని తెచ్చి, ఆమె ఒంగి కూర్చున్నచోట దించి, పసుపు పూసి మొక్కాడు. అది చూసి ఊరివారు ఒక్కరొక్కరే గోడమీది రాళ్ళు తెచ్చి దాని పక్కన దించారు. పాలెగారు తలుపులు ఊడదీయించి, ఆ మద్దిచెక్కతోనే అమ్మకు పందిరి వేయించాడు.

ఆనాటినుంచి ఆ స్థలం రాయిదింపుల వాకిలిగా, ఆ తల్లి గంగసానమ్మగా పూజలందుకుంటున్నది. ఆమె సాక్షాత్తు ఆదిశక్తి అంశ అని కొందరంటారు, మామూలు మనిషేనని కొందరంటారు. మనిషే అనుకుంటేనే నాకు చేతులు ఇంకా గట్టిగా జోడించబుద్ధవుతుంది. నేటికీ ఆ వాకిలికి తలుపులు లేవు. ఉప్పు పారిన బండ తెల్లగా, నడుమ ఒక ఎర్రటి చారతో కనిపిస్తుంది. మాఘపున్నమినాడు భక్తులు ఇంటినుంచి ఒక్కొక్క రాయి తెచ్చుకొని, తాము ముఖం చూసీ చూడకముందే తీర్పు చెప్పిన ఒక మనిషిని మనసులో తలచుకొని, అక్కడ దించి వెళతారు. ఎన్ని తరాలు గడిచినా ఆ గుట్ట పెరుగుతూనే ఉన్నది.

ఆ రోజున పోలినేడు వంశంవారు గుండెక్కి కూర్చుంటారు. బాటమీద దుమ్ము లేచినప్పుడు, అది బండిదా గాడిదలదా అని ఎవరూ చెప్పరు, ఎవరూ అడగరు. వారు నగారా మీద ఒకే ఒక్క దెబ్బ వేసి, ఊరివైపు తిరిగి, ముసలి పోలినేడు కడదాకా అరిచిన ఆ మాటనే అరుస్తారు: "ఎవరో వస్తున్నారు! నీళ్ళు కాగబెట్టండి!"