అన్నను నవ్వులపాలు చేసిన రాకుమారుడు

కాళ్లు ముడుచుకుని కుదురుగా కూర్చుంటేనే చెబుతా. అనగనగా కుసుమగిరి అనే రాజ్యం, దానికో రాజు, ఆ రాజుకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు భద్రకేతు ధైర్యవంతుడే గానీ నత్తి. నడిమివాడి గోల మనకొద్దు, వాడు ఈ కథ పొడుగునా తింటూనే ఉంటాడు. చిన్నవాడు మకరందుడు. వాడు నోరు విప్పితే చాలు, కొలువంతా పొట్టచెక్కలయ్యేలా నవ్వేది.

ఆ రాజ్యంలో మనవి ఏదైనా సరే, సభ మధ్య రాతి అరుగెక్కి అందరి ముందూ చెప్పాల్సిందే. రాజకుమారుడైనా అంతే. ఒకరోజు భద్రకేతు రొప్పుతూ వచ్చి అరుగెక్కాడు. "కో... కో... కో..." అన్నాడు. మాట పెగలడం లేదు.

వెనకనుంచి మకరందుడు చేతులు రెక్కల్లా ఆడించి, "కొక్కొరోకో!" అని కూశాడు.

ఇంకేముంది! మంత్రి నవ్వాడు, సేనాపతి నవ్వాడు, కన్నతండ్రి కూడా నవ్వాడు. భద్రకేతు తమ్ముడి మొహంలోకి ఒక్కసారి చూసి, అరుగు దిగి వెళ్లిపోయాడు. కోట తలుపులు మూయించండి, మాంత్రికుడు ధూమజటుడు వస్తున్నాడు అని చెప్పాలనుకున్నాడు పాపం. ఎవడు విన్నాడు?

పొద్దుగుంకే వేళ పొగలా వచ్చాడు మాంత్రికుడు. తెరిచిన వాకిట్లో కత్తి పట్టుకుని అడ్డంగా నిలబడ్డవాడు భద్రకేతు ఒక్కడే. వాణ్ణి శిలను చేసి ఎత్తుకుపోయాడు ఆ దుర్మార్గుడు.

మకరందుడికి ముద్ద దిగలేదు. "నా నోరు పడిపోయినా బాగుండేది" అని ఏడ్చాడు. మర్నాడే బయల్దేరాడు. ఏడు సముద్రాలు దాటించింది ఒక ముసలి తాబేలు. "ఆ మాంత్రికుడి ప్రాణం చిలకలో ఉంది నాయనా. ఆ చిలక పంజరం, వాడు చెరపట్టిన హేమరేఖ అనే పిల్ల చేతిలో ఉంది. చుట్టూ నలభైమంది బల్లేల భటులు. నువ్వు కత్తితో గెలవలేవు. వాడి దీవికి వచ్చినవాడికి ఆ భటుల సభలో మూడుసార్లు మాట్లాడే హక్కుంది, మాటతోనే గెలవాలి" అంది.

మొదటిసారి మకరందుడు భటుల గుబురుమీసాల మీద వేళాకోళాలాడాడు. తనకు తెలిసిన విద్య అదే మరి! భటులు పళ్లు కొరికారు. "సభకు కోపం తెప్పించావు" అని మాంత్రికుడు వాడి కాళ్లు రాయి చేశాడు.

రెండోసారి నవ్వన్నదే లేకుండా ధర్మపన్నాలు చెప్పాడు. భటులు ఆవలించారు. "సభకు విసుగు పుట్టించావు" అని నడుందాకా రాయి చేశాడు.

మూడోసారి ఏం చెప్పాలో తోచలేదు. ఈసారి తనమీదే వేళాకోళం మొదలెట్టాడు. "అయ్యలారా, నేను మహావీరుణ్ణి. పడవెక్కకుండానే వాంతి చేసుకున్నాను. తాబేలు మీద కూర్చుని, తొందరగా పోనీయమ్మా అని దాన్ని అదిలించాను. అది నన్ను నీళ్లలో మూడుసార్లు ముంచింది" అన్నాడు. ఒక భటుడు కిసుక్కుమన్నాడు. హేమరేఖ కొంగు నోటికడ్డం పెట్టుకుంది. నలభైమందీ పగలబడి నవ్వారు.

నవ్వు సద్దుమణిగాక మెల్లగా అన్నాడు: "ఇలాగే ఒకరోజు మా అన్న మీద నవ్వించాను. అన్న చెప్పబోయింది మా అందరి ప్రాణాల సంగతి. వినపడనివ్వలేదు నేను. మా అన్నను నాకు ఇచ్చేయండి."

ఆ భటులూ తోబుట్టువులకు దూరమై, చెరబడి వచ్చినవాళ్లే కదర్రా! ఒక్కొక్క బల్లెమే కిందికి దిగింది. మాంత్రికుడు "పొడవండి!" అని అరిచాడు. ఎవరూ కదల్లేదు. హేమరేఖ పరుగున వచ్చి చిలకను మకరందుడి చేతిలో పెట్టింది. వాడు దాని గొంతు నులిమాడు. మాంత్రికుడు అక్కడికక్కడే కుప్పకూలి చచ్చాడు. రాయైనవాళ్లంతా మనుషులయ్యారు.

మకరందుడు అన్న కాళ్లమీద పడ్డాడు. "లే... లేరా పిచ్చివాడా" అని భద్రకేతు కావలించుకున్నాడు.

హేమరేఖకూ మకరందుడికీ పెళ్లయింది. నడిమివాడు పదహారు బూరెలు తిన్నాడు. భద్రకేతు రాజై చల్లగా ఏలాడు. ఆయన మాట్లాడేటప్పుడు ఎంత ఆలస్యమైనా సభలో ఒక్కరూ నవ్వేవారు కారు.

కానీ అరుగెక్కిన ప్రతిసారీ, నోరు విప్పే ముందు, ఆ రాజు తమ్ముడి మొహంలోకి ఒక్కసారి చూసేవాడు. తమ్ముణ్ణి క్షమించాడు, ప్రాణంలా చూసుకున్నాడు. అయినా చూసేవాడు. తలలు నెరిసేదాకా ఆ చూపును మాన్పించలేకపోయాడు మకరందుడు.