గడువు వద్దన్న అడవిదున్న

దింగారా అడవిలో గిన్నెకోడి తెనేబాకూ, ఆమెతో పనిచేసే నలభై గిన్నెకోళ్ళకూ అన్యాయం జరిగింది. పెద్ద వరద వచ్చిపోయిన మూడో ఏడు, ఎండలు ముదురుతున్న నెలలో, పున్నమి మర్నాడు జరిగింది. చాటుమాటుగా ఏమీ కాదు. అడవి అంతా చూస్తుండగానే జరిగింది. చూసినవాళ్ళు జేజేలు కూడా కొట్టారు.

దింగారా ఆఫ్రికాలో పడమటి దిక్కున ఉంది. పొడుగు గడ్డి, మధ్యమధ్య చెట్లు. అడవిదున్నలు, జింకలు, కోతులు, ముళ్ళపందులు, గిన్నెకోళ్ళు అక్కడ కాపురం ఉంటాయి. ఆ అడవికి పెద్ద, బురామా అనే అడవిదున్న. కొమ్ములు చాలా పెద్దవి. కొమ్ముల మధ్య చోటే కాస్త చిన్నది.

ఆ అడవి నిండా షియా చెట్లు. మన ఇప్పచెట్టుకు దూరపు చుట్టం అనుకోండి. వాటి గింజల్లో కొవ్వు ఉంటుంది. ఆ సంగతి ఎవరికీ పట్టలేదు. గింజలు రాలేవి, కుళ్ళేవి. వానలకు ముందు మూడు నెలలు అక్కడ గడ్డిపోచ దొరకదు. అవి ఆకలి నెలలు. ఏటా ఆ నెలల్లో చిన్నపిల్లలు కన్నుమూసేవారు. పెద్దవాళ్ళు ఏడ్చేవారు, వానలు పడగానే మరిచిపోయేవారు.

తెనేబా మరిచిపోలేదు. ఆమె పిల్లలూ ఇద్దరు అలాగే పోయారు. ఒకనాడు ఎండకు పగిలిన షియా గింజ మీద కాలు వేస్తే ఆమె కాలు జారింది.

"జారిందంటే ఇందులో కొవ్వుంది," అనుకుంది తెనేబా.

గింజలు ఏరింది. కాలే బండ మీద ఎండబెట్టింది. ముక్కుతో పగలగొట్టింది, కాళ్ళతో తొక్కి పిండి చేసింది. సొరకాయ బుర్రలో నీళ్ళు పోసి చిలికింది. పైకి వెన్న తేలింది. మొదటి ఏడు వెన్న చేదుగా ఉంది. "దీనికన్నా బురద నయం," అన్నాయి కోతులు. రెండో ఏడు చేదు తగ్గింది. నలభై గిన్నెకోళ్ళు ఆమెతో కలిశాయి. ఆకలి నెలలకని బుర్రల నిండా వెన్న దాచారు. ఆ రెండేళ్ళూ దింగారాలో ఒక్క పిల్ల కూడా ఆకలికి చనిపోలేదు.

దింగారాలో ఒక పాత పద్ధతి ఉండేది. మంద కదిలితే అందరికన్నా ముందు నడిచేది కొత్తగా పుట్టిన దూడ. ఎంత పెద్ద దున్న అయినా దాని వెనకే, దాని నడకతోనే నడవాలి. తోయకూడదు, దాటకూడదు. కొత్త పనికీ అదే పద్ధతి. అడవిలో ఎవరైనా కొత్త పని మొదలుపెడితే, ఏటి రేవులో ముళ్ళకంచె వేసేవారు. అయిదు వానాకాలాలు గడిచేదాకా అలాంటి సరుకు బయటినుంచి రానిచ్చేవారు కాదు.

తెనేబా వెన్నకు అప్పటికి రెండు వానాకాలాలే గడిచాయి.

ఆ ఏడు ఉత్తరాన సముద్రం అవతలినుంచి కొంగ వచ్చింది. ఏటా వచ్చేదే. అక్కడి చలికి తట్టుకోలేక ఇక్కడికి వచ్చి ఎండ కాచుకుని పోతుంది. ఈసారి మాత్రం ముక్కున బెరడు చుట్ట ఒకటి పట్టుకొచ్చింది. చుట్ట విప్పి ఒంటికాలి మీద నిలబడింది.

"మహారాజా, ఇది ఒప్పందం," అంది కొంగ. "మా గట్టున కంచెలు ఉండవు. మీ గట్టునా ఉండకూడదు. మా సరుకు మీ దగ్గరికి వస్తుంది. మీ సరుకు మా దగ్గరికి వస్తుంది. పెద్దా చిన్నా తేడా లేదు. అందరికీ ఒకే నియమం."

"ఒకే నియమం!" అన్నాడు బురామా. ఆ మాట అతనికి తేనెలా తగిలింది.

తెనేబా ముందుకు వచ్చింది. "కొంగదొరా, మీ గట్టున వెన్న తీసేది ఎవరు?"

"బాతులు."

"వాటి తిండి?"

"యజమాని రోజూ మేత పోస్తాడు. వెన్న అమ్మినా పోస్తాడు, అమ్మకపోయినా పోస్తాడు. ఎందుకడిగావు?"

"మా మేత మేమే ఏరుకోవాలి. ఆ తరవాతే గింజలు తొక్కాలి. కడుపు నిండిన బాతుకూ కాళ్ళు పగిలిన కోడికీ ఒకే పందెమా, దొరా?"

కొంగ దగ్గింది. "అందుకే కింద ఇంకో గీత ఉంది," అంది. "దూడలున్న అడవులు పదేళ్ళ గడువు తీసుకోవచ్చు. పదేళ్ళదాకా వాళ్ళ కంచె వాళ్ళు ఉంచుకోవచ్చు. కానీ మహారాజా, అది చిన్న అడవుల కోసం రాసింది. తమవంటి వారికి చూపించడానికే నాకు మొహమాటంగా ఉంది."

బురామా కొమ్ములు పైకి లేచాయి. "నేను దూడనా?"

"ఎంతమాట!"

"పెద్దయ్యా, ఆ గీతే మనకు కావలసింది," అంది తెనేబా. "దూడ అంటే మీరు కాదు, మా పని. ఇంకా సరిగా నిలబడలేదు. పదేళ్ళు వద్దు, మూడేళ్ళు అడగండి చాలు. మీ కాళ్ళు పట్టుకుంటాను."

"నోరు ముయ్యి! సముద్రం అవతలివాళ్ళు మనల్ని సమానంగా పిలిచి కూర్చోబెడుతుంటే, నువ్వు నన్ను దూడల వరసలో నిలబెడతావా? అడవి పరువేం కావాలి?"

"పరువు నాకితే పిల్లల కడుపు నిండదు, పెద్దయ్యా."

కోతులు కిసుక్కుమన్నాయి. అదే కొంప ముంచింది. పదిమందిలో నవ్వులపాలైన దున్నకు ఇంకేం కనబడుతుంది? బురామా గిట్టతో ఆ పదేళ్ళ గీతను తానే గీకి పారేశాడు. కింద గిట్ట ముద్ర వేశాడు. అడవి జేజేలు కొట్టింది. కొంగ బెరడు చుట్టేసి, తొందర తొందరగా ఎగిరిపోయింది.

మర్నాడే రేవులో ముళ్ళకంచె తీసేశారు. నెల తిరిగేసరికి ఉత్తరంనుంచి బాతువెన్న దిగింది. తెల్లగా ఉంది, నున్నగా ఉంది. అది దింగారా గింజల్లోంచి తీసిన వెన్నే. గింజలు అటు పోయి, వెన్నై ఇటు వచ్చాయి. ఒక తట్ట గింజలకు ఒక బుర్ర వెన్న ఇస్తామన్నాయి బాతులు. తెనేబా తన వెన్నకు రెండు తట్టలు అడిగేది. అంతకన్నా తగ్గితే కోళ్ళకు తిండి గడవదు.

"తెనేబక్కా, ఏమీ అనుకోకు. సగానికే వస్తుంటే ఎవరు మాత్రం వద్దంటారు?" అన్నాయి జింకలు. ఏమీ అనుకోవద్దని చెప్పి మరీ పోయాయి.

"సరే, మన వెన్న మనం అటు పంపుదాం. వాళ్ళ గట్టున కూడా కంచె లేదన్నారుగా," అంది ముసలి గిన్నెకోడి పెండా.

ఇరవై బుర్రలు పంపారు. ఇరవై బుర్రలూ తిరిగొచ్చాయి. వెంట కొంగ వచ్చింది.

"కంచె లేదు, నిజమే. శుభ్రత పరీక్ష ఉంది," అంది కొంగ. "మీ బుర్రలో ఒక ఈక దొరికింది."

"దొరా, మీ బాతులు బోడివా?" అంది తెనేబా.

కొంగ తన ఈకలు ముక్కుతో సర్దుకుంది. "గింజలు పంపండి. గింజలకు పరీక్ష లేదు. ఎన్నయినా తీసుకుంటాం."

తెనేబా బురామా దగ్గరికి వెళ్ళింది. పేడలో పడుకుని ఉన్నాడు. మంచి మాటలతోనే చెప్పింది. "పెద్దయ్యా, ఇంకో వానాకాలం ఇలాగే పోతే బండల మీద కోడి ఉండదు. చిలకడం తెలిసినవాళ్ళు చెదిరిపోతే మళ్ళీ కూడరు. అప్పుడు బాతులు ఎంత అడిగితే అంత ఇవ్వాలి."

"వాళ్ళు మన స్నేహితులు."

"స్నేహితులైతే ఈక చూసి వెనక్కి పంపుతారా?"

"నీకు కుళ్ళు, తెనేబా. నీకన్నా బాగా చేసేవాళ్ళు వచ్చారని కుళ్ళు. వెళ్ళి గింజలు ఏరుకో."

తెనేబా వెనక్కి తిరిగింది. రేవు దాకా నడిచింది. తను తొక్కగా తొక్కగా నున్నబడ్డ బండ మీద కూర్చుంది. ఆ బండ మీద ఎండలో ఆమెకు ఇద్దరు పిల్లలు గుర్తుకొచ్చారు. ఒకటి పసుపు కాళ్ళది. రెండోదానికి పేరు పెట్టే తీరికే లేకపోయింది. ఇక్కడే ఉండి గింజలు ఏరితే ఈ పని చచ్చిపోతుందని ఆమెకు తెలుసు. వెళ్ళిపోతే దింగారా పిల్లలను విడిచిపెట్టి పోవాలి.

చివరికి లేచి కోళ్ళను పిలిచింది. "ముందు పని బతకాలి," అంది. "పని బతికితే ఎప్పటికైనా పిల్లలకు పనికొస్తుంది. బుర్రలు ఎత్తండి."

ఏరు దాటి రెండు రోజులు నడిస్తే టొంబో అడవి. దాని పెద్ద, సీరా అనే తాబేలు. ఆ కొంగే ఆ బెరడే ఆమె దగ్గరికీ తెచ్చింది.

"నీకు గడువిచ్చారా, సీరత్తా?" అంది తెనేబా.

"అడిగాను, ఇచ్చారు. 'ఇది చిన్న అడవులకమ్మా, మీకు నామోషీ' అన్నాడు కొంగదొర. నేను మెల్లగా నడుస్తానని లోకమంతా చూస్తూనే ఉంది, ఇంకా దాచేదేముంది? పదేళ్ళు రాయి నాయనా అన్నాను. మొహం మాడ్చుకుని రాశాడు. ఇదిగో నా కంచె, ఇంకా తొమ్మిదేళ్ళుంటుంది. నీ బండలు ఎక్కడ వేస్తావో చూసుకో."

నలభై ఒక్క గిన్నెకోళ్ళు టొంబోలో గింజలు తొక్కాయి. మూడో ఏటి వెన్నకు చేదు పూర్తిగా పోయింది. నాలుగో ఏడు ముళ్ళపందులు కూడా పని నేర్చుకున్నాయి. గింజలు పగలగొట్టడంలో కోళ్ళనే మించిపోయాయి. చుట్టుపక్కల మూడు అడవులు టొంబో వెన్న కోసం రావడం మొదలుపెట్టాయి.

దింగారాలో బండలు ఖాళీ అయ్యాయి. ఆ సంగతి బాతులకు తెలిసిన నెలకే వెన్న ధర మారింది. ఒక బుర్రకు ఒక తట్ట కాస్తా రెండయింది, నాలుగయింది, ఏడయింది. అడవిలో గింజలన్నీ ఊడ్చి ఇచ్చినా బుర్రలు చాలలేదు. ఆ ఏడే వానలు రెండు నెలలు ఆలస్యమయ్యాయి. ఆకలి నెలలు మూడు కాదు, అయిదయ్యాయి.

బురామా రేవులో వాలిన కొంగ దగ్గరికి పరిగెత్తాడు. "ఆ పదేళ్ళ గీత మళ్ళీ రాయి," అన్నాడు.

"ఆ గీత మేం కొట్టేయలేదు, మహారాజా," అంది కొంగ. "చూడండి, గీకింది మీ గిట్టే. ఒప్పందమంటే ఒప్పందం. అందరికీ ఒకే నియమం." ఈసారి ఆ మాట తేనెలా తగల్లేదు.

ఇక చేసేది లేక బురామా రెండు రోజులు నడిచి టొంబో వచ్చాడు. డొక్కలు లెక్కపెట్టేటట్టు కనిపిస్తున్నాయి. కోళ్ళ బండల పక్కన తల దించుకుని నిలబడ్డాడు. తెనేబా అతన్ని చూసింది. ఇన్నేళ్ళుగా ఆమె కడుపులో దాచుకున్న తిట్లు చాలా ఉన్నాయి. ఆ డొక్కలు చూశాక ఒకటీ నోటికి రాలేదు.

"పెండమ్మా, యాభై బుర్రలు దించు. పిల్లలకు పంపిద్దాం," అంది. "తట్టలేమీ అడగవద్దు."

"తెనేబా, తిరిగి రా," అన్నాడు బురామా. "నీ బండలు నీకే."

"వచ్చి ఏం చేయను? రేవులో కంచె లేదు. వేస్తే ఒప్పందం తప్పినట్టు. మీరు వేసిన ముద్ర నేను చెరపలేను, పెద్దయ్యా. పిల్లలను ఇటు పంపండి, పని నేర్పుతాను. చేయగలిగింది అదే."

సీరా తాబేలు ముందుకు వచ్చింది. టొంబోలో ఒక పెద్ద రాతిగోడ ఉంది. చుట్టుపక్కల అడవుల్లో జరిగిన సంగతులు దాని మీద గీసి ఉంచుతారు, తరవాతివాళ్ళు చదువుకోవాలని. సీరా ఒక పలుగురాయి పట్టుకుంది.

"దింగారా గురించి ఏం గీయమంటారు?" అంది.

బురామా గిట్టతో నేల గీకాడు. చివరికి, "చెడ్డ ఏడు వచ్చిందని గీయండి," అన్నాడు.

"అలా గీయకు, సీరత్తా," అంది తెనేబా. ఆమె గొంతు పెంచలేదు. "ఏడాదికి గిట్టలుండవు. అది ముద్ర వేయదు, గీతలు గీకదు. వానలు ఇంతకుముందూ ఆలస్యమయ్యాయి. అప్పుడు బుర్రల్లో వెన్న ఉండేది. పెద్దయ్యా, ఎంతమంది పిల్లలు పోయారో చెప్పండి. అది గీద్దాం."

"లెక్క నాకు తెలుసు," అన్నాడు బురామా. "రోజూ నేనే లెక్కపెట్టాను."

"అందులో మీ పిల్లలు?"

"ఒకటి. చిన్నది."

తెనేబా కళ్ళు దించుకుంది. దగ్గరికి వెళ్ళి అతని ముందరి కాలి పక్కన నిలబడింది. అతను సంఖ్య చెప్పాడు. సీరా తొందరపడకుండా, లోతుగా, ఒక్కొక్క గీతే గీసింది. చీకటి పడకముందే పూర్తయింది.

దింగారా. అయిదు ఆకలి నెలలు. చనిపోయిన పిల్లలు: నూట పదిహేడు.

నీతి: బలిసినవాడికీ బుడతడికీ ఒకే నియమం పెట్టి దాన్ని న్యాయమని పిలిచేవాడిని నమ్మవద్దు, నీ పని ఇంకా పసిదైతే, సిగ్గుపడకుండా గడువు అడుగు.