బెదురు బీరవ్వ

అనగ అనగ, చెప్పేటోళ్లు చెప్పంగ, వినేటోళ్లు వినంగ, ఈ గుట్టలకు ఇంక పేర్లు పెట్టనప్పటి ముచ్చట. నేను కండ్లతోటి చూసిన్నా? చూడలే. మా అమ్మమ్మ చెప్పింది. ఆమెకు ఆమె అమ్మమ్మ చెప్పింది. అబద్ధమైతె వాళ్లను అడుగుండ్రి, నా మీద పడకుండ్రి.

ఊఁ కొట్టుండ్రి మరి. ఊఁ కొట్టేటోళ్లు లేకుంటె కథ కాళ్లు ముడుచుకొని పండుకుంటది.

వాగు ఒడ్డున ఒక కురుమ గూడెం ఉండె. గూడెమంతటికి ఒక్కటే గొర్ల మంద. ఆ గూడెంల బీరవ్వ అని ఒకామె ఉండె. మొగడు జరమొచ్చి పోయిండు. ఉన్నదల్ల ఒక్క బిడ్డ, చంద్రి. పొద్దున లేస్తె దొడ్డి ఊడ్చుడు, తల్లి లేని గొర్రెపిల్లలకు పాలు తాపుడు, అదే బీరవ్వ పని. పెద్ద మాటలు లేవు, పెద్ద పోకడలు లేవు.

కానీ ఆమెకు బెదురెక్కువ. కాకి అరిస్తె ఎగిరిపడేది. మూకుడు జారితె ఎగిరిపడేది. ఎన్కనుంచి ఎవరన్న "ఏమే బీరీ" అని పిలిస్తె చాలు, చేతుల చాట కింద పడేది. వాళ్లమ్మ గూడ అంతేనట. అమ్మమ్మ గూడ అంతేనట. ఇగ చంద్రి పుట్టింది. నడక నేర్సింది, మాటలు నేర్సింది, తలుపు కిర్రుమంటె తల్లి ఎంత ఎత్తు ఎగిరితె బిడ్డ గూడ అంతే ఎత్తు ఎగురుడు నేర్వకుండనే వచ్చింది.

గూడెమోళ్లకు అదొక ఆట. పిల్లలైతె చెట్టు చాటునుంచి "భౌ" అని అరిచి ఉరికేటోళ్లు. "పుట్టుకతోటొచ్చిన బుద్ధి పుడకలతోటి గాని పోదంట గదనే బీరీ!" అని ఆడోళ్లు నవ్వేటోళ్లు.

బీరవ్వ గూడ నవ్వి అనేది: "ఎట్ల పుట్టినమో అట్ల ఉంటమక్కా. ఎందుకట్ల పుట్టినమో మనకేమెరుక?"

ఆ మందకు పెద్ద గట్టయ్య. మంచోడే, గొర్లంటె పానం. ఒక వానకాలం మంద వాగు ఒడ్డుకు మేస్తున్నది. వాగు నిండుగ పారుతున్నది. ఒడ్డున తుంగ కదిలిందని ఒక బెదురు గొర్రె ఎగిరి నీళ్లల్ల దుంకింది. అది దుంకంగనే మందంత దాని ఎన్క దుంకింది. గొర్లంటె గొర్లే గదా! గట్టయ్య నడుములోతు నీళ్లల్ల దిగి, రెక్కలు పడిపోయేదాక గుంజిండు. కొన్ని దక్కినయి. గొర్రెపిల్లలన్ని కొట్టుకపోయినయి. ఒడ్డున కూసొని ఆ ముసలాయన పసిపిల్లోని తీరు ఏడ్చిండు.

ఏడ్చి ఏడ్చి ఒట్టు పెట్టుకున్నడు. "ఇగ నా మందల బెదురన్నదే ఉండొద్దు."

ఆయనను తప్పు పట్టకుండ్రి. కడుపు కాలినోని మాట అది.

బొచ్చు కత్తిరించే దినం వచ్చింది. గట్టయ్య దొడ్డి తడక కాడ నిలవడ్డడు. గొర్లను ఒక్కొక్కటి బయటికి విడిపించిండు. వచ్చినదాని ముఖం ముందట నల్ల గొంగడి టప్పుమని దులిపిండు. ఎగిరిపడ్డది కటికోళ్ల దిక్కు. నిలవడ్డది మంద దిక్కు.

మొదటి ఏడు శానా గొర్లు ఎగిరిపడ్డయి. శానా పోయినయి.

రెండో ఏడు కొన్నే ఎగిరిపడ్డయి. ఆ కొన్ని పోయినయి.

మూడో ఏడు ఒక్కటే ఎగిరిపడ్డది. ముఖం మీద తెల్లమచ్చ ఉన్న బొల్లి గొర్రె. అదీ పోయింది.

ఆవు చేన్ల మేస్తె దూడ గట్టున మేస్తదా? నిమ్మళమైన తల్లులకు నిమ్మళమైన పిల్లలు పుట్టినయి. ఇగ చూడు ఆ మంద సంబరం! పక్కన డప్పు కొట్టినా తల ఎత్తకపోయేది. ఉరిమినా నెమరు ఆపకపోయేది. పక్క ఊర్ల కురుమలొచ్చి చూసి, "మంద అంటె ఇదిరా" అని ముక్కు మీద ఏలేసుకున్నరు.

ఒక్క బాధ మిగిలింది. బొల్లిది పాలు మరువని పిల్ల ఉండె. గట్టయ్య దాన్ని కటికోళ్లకు ఇయ్యలే. "పసిదానిదేం తప్పు? తల్లిని చూసి బెదురు నేర్సుకుంటది. నిమ్మళమైనదాని కింద ఇడిస్తె నిమ్మళమైతది" అన్నడు. మందల అందరికంటె నిమ్మళమైనది నల్ల గొర్రె. బీరవ్వ నల్లదాని పాలు పిండి పిల్ల వీపుకు రాసింది. నల్లది వాసన చూసింది, నాదే అనుకొని దగ్గరికి తీసింది.

పిల్ల నల్లదాని పాలే తాగింది. నల్లదాని కడుపు కిందనే పండింది. నల్లదాని ఎన్కనే తిరిగింది. ఆ తల్లి పిడుగు పడ్డా కదలది. ఈ పిల్ల ఎండుటాకు రాలితె ఎగిరిపడుతది.

బీరవ్వ దాని మూతి నిమిరి, "పాలు నల్లదానివి గాని పానం బొల్లిదే గదనే తల్లీ" అనేది. "ఎట్ల పుట్టినవో అట్లనే ఉంటివి. ఎందుకట్ల పుట్టినవో మనకేమెరుక?"

మల్ల కత్తెర దినం వచ్చింది. మందంత నిమ్మళంగ దాటింది. ఆఖరుకు బొల్లి పిల్ల వచ్చింది. గట్టయ్య గొంగడి టప్పుమని దులిపిండు.

గొర్రెపిల్ల ఎగిరిపడ్డది.

తడక పక్కన బీరవ్వ ఎగిరిపడ్డది.

తల్లి కొంగు పట్టుకొని చంద్రి ఎగిరిపడ్డది.

ముగ్గురూ ఒక్కసారే! గూడెమంత కడుపులు పట్టుకొని నవ్విండ్రు. ఎవడో నోటిదురదగాడు, "గట్టన్నా, కటికోళ్లకు ఒకటి కాదే, మూడున్నయి!" అన్నడు. ఇంక నవ్విండ్రు. బీరవ్వ గూడ నవ్వింది. చంద్రి ఒక్కతే నవ్వలే.

పొద్దు వాలేటాళ్లకు చంద్రి కనపడలే. బీరవ్వ ఇల్లు చూసింది, దొడ్డి చూసింది, వాగు చూసింది. ఆఖరుకు కత్తిరించిన బొచ్చు కుప్ప కదిలితె, దాంట్ల చెయ్యి పెట్టి బిడ్డను బయటికి తీసింది. తలనిండ బొచ్చు, ముఖంనిండ కన్నీళ్లు.

"అవ్వా, నన్ను గూడ అమ్ముతరా?" అన్నది.

"ఎవరన్నరే ఆ మాట?"

"గొర్రెపిల్ల ఎగిరిపడ్డది, అమ్ముతున్నరు. నేను గూడ ఎగిరిపడ్డ."

బీరవ్వ బిడ్డ తలకంటిన బొచ్చు తీసింది. "నవ్వులకన్నరు బిడ్డా, నిన్నెందుకు అమ్ముతరు?" అన్నది. కానీ పిల్ల నమ్మలే. ఎట్ల నమ్ముతది? అటు చూస్తె కటికోళ్లు ఆ గొర్రెపిల్ల కాళ్లకు తాడు కడుతున్నరు. ఆ పిల్ల బతికి కండ్ల ముందట తిరిగితె గాని తన బిడ్డ మనసు నిలవడదని తల్లికి అర్థమైంది.

ఎన్నడు నోరిప్పని మనిషి గట్టయ్య ముందటికి పోయింది.

"మామా, ఆ పిల్లను నాకియ్యి."

"దాన్నేం జేస్కుంటవే?"

"సాదుకుంట."

"మంద అందరిది. ఊరికెట్లిస్త?"

బీరవ్వ భుజం మీది గొంగడి తీసింది. ఆమె తల్లి దగ్గరుండి నేయించిన గొంగడి. చలికి అదే, వానకు అదే, ఎండకు అదే. మడతపెట్టి గట్టయ్య చేతుల పెట్టింది.

"చలికాలం ఏం కప్పుకుంటవ్?"

"పొయ్యి కాడ పండుకుంటం మామా."

గట్టయ్య ఆమెను ఎగాదిగా చూసిండు. మనసుల ఏమనుకున్నడో ఏమో, "తీస్కపో. కానీ మందల కలపొద్దు. నాకు ఆ వాగు ఇంక కండ్లల్లనే ఉన్నది" అన్నడు.

బీరవ్వ నల్ల ఉన్నిని తొడ మీద పేని దారం తీసింది. ఏమరుపాటున గూడ ఎవరు కటికోళ్లకు తోలొద్దని పిల్ల మెడకు కట్టింది. ఆ నాడు చంద్రి దాని మెడ మీద చెయ్యేసుకొని పండింది. చెయ్యి తీయాలని తల్లికి బుద్ధి పుట్టలే.

పిల్ల పెరిగి గొర్రె అయ్యింది. ఆ ఏడు వానలు ఎగ్గొట్టినయి. గడ్డి లేదు, నీళ్లు లేవు. గూడెం గూడెమంత మందను తోలుకొని అడివి అంచుకు పోయింది. ముందట మంద. మంద ఎన్క కుక్కలు. కుక్కల ఎన్క, ఎడంగ, బీరవ్వ, చంద్రి, నల్లదారం గొర్రె.

అడివిల తోడేళ్లుండె.

మొదటిపాలి ఒక గొర్రె పోయింది. అరుపు లేదు, చప్పుడు లేదు. పక్కనున్న గొర్రె నెమరేస్తున్నది.

రెండోపాలి గొర్రెపిల్లలు పోయినయి. నెత్తురు సుక్కల పక్కనే మందంత నెమరేస్తున్నది.

"కుక్కలేం జేస్తున్నయి?" అంటవేమో. అది తోడేలురా అయ్యా, నీకంటె తెలివైనది. ఒకటి అటు దిక్కు కనపడుతది. కుక్కలు అటు ఉరుకుతయి, కుక్కల ఎన్క కట్టెలు పట్టుకొని మనుషులు ఉరుకుతరు. మిగిలినయి ఇటు దిక్కునుంచి వస్తయి.

గట్టయ్య నెత్తి కొట్టుకున్నడు. "అరవరాయె, ఉరకరాయె! మీకు కండ్లు లేవానే? చెవులు లేవానే?" అని గొర్లను పట్టి తిట్టిండు. ఆ చెవులను కటికోళ్లకు తోలింది తనే అని అప్పటికి ఆయనకు తట్టలే. బీరవ్వ అనొచ్చు గదా? అనలే. ఆమె నోరు అటువంటిది కాదు.

మూడోపాలి నడి మధ్యాహ్నం. ఎండకు గొర్లన్ని ఒకదాని కడుపు కింద ఒకటి తల పెట్టి నిలవడ్డయి. అటు దిక్కు తోడేలు కనపడ్డది. కుక్కలు ఉరికినయి, మనుషులు ఉరికిండ్రు. గట్టయ్యకు మోకాళ్ల నొప్పి, ఒక్కడే బండ మీద మిగిలిండు. ఇటు దిక్కు వాన నీళ్లు పారే ఒర్రె ఎండిపోయి ఉన్నది. దాని ఒడ్డునే బీరవ్వ, చంద్రి కూసున్నరు.

ఒర్రెల ఒక చిన్న రాయి జారింది. అంతే. నువ్వైతె ఇనవు, నేనైతె ఇన.

నల్లదారం గొర్రె కాలు నేలకు టక్కున కొట్టి ఎగిరిపడ్డది.

బీరవ్వ ఎగిరిపడ్డది.

చంద్రి ఎగిరిపడ్డది.

ఈపాలి ఎవ్వరు నవ్వలే. బీరవ్వ పెట్టిన కేక అడివంత ఇనవడ్డది. చంద్రిని చంకనేసుకొని ఉరికింది. నల్లదారం గొర్రె ఉరికొచ్చి మంద నడుమల నుంచి దూసుకపోయింది. అది ఉరకంగనే మందంత దాని ఎన్క ఉరికింది. గొర్లంటె గొర్లే గదా! ఉరికి ఉరికి గట్టయ్య చుట్టు ముద్దగ నిలవడ్డయి. కేక ఇని మనుషులు మర్లిండ్రు, కుక్కలు మర్లినయి. తోడేళ్లు ఒర్రె ఎక్కి చూస్తె ఉత్త నేల. కట్టెలు చూసి తోక ముడిచినయి.

ఒక్క పిల్ల గూడ పోలే.

గట్టయ్య ఆ గొర్రె మెడల దారం తడిమి చూసిండు. "ఇట్రా బిడ్డా" అని చంద్రిని పిలిచిండు. చంద్రి తల్లి కొంగు చాటునుంచి మెల్లగ బయటికొచ్చింది.

"తాతా, ఇప్పుడు నన్ను అమ్మవు గదా?" అన్నది.

గట్టయ్యకు అర్థం కాలే. బీరవ్వ తల వంచుకొని కత్తెర దినం ముచ్చట, బొచ్చు కుప్ప ముచ్చట చెప్పింది. వాగు ఒడ్డున ఏడ్చిన ఆ ముసలాయన మల్ల ఏడ్చిండు. పిల్లను ఒడిల కూసోబెట్టుకొని, "నిన్నమ్ముకుంటె నా చెవులు కోసుకున్నట్టే బిడ్డా" అన్నడు. మడత ఇప్పని ఆ గొంగడి తెచ్చి బీరవ్వ భుజం మీద కప్పిండు.

"ఇగ నుంచి మందల అన్నీ బెదురు గొర్లనే పెడుత" అన్నడు.

"వద్దు మామా," అన్నది బీరవ్వ. "అన్నీ బెదిరితె మంద నిలవది. ఒక్కటీ బెదరకుంటె మంద మిగలది. ఎట్ల పుట్టినయో అట్ల ఉండనియ్యి."

"ఎందుకట్ల పుట్టినమో మనకేమెరుక" అన్న మాట మాత్రం ఆ దినం అనలే.

ఆ తర్వాత ఆమెకు ధైర్యమొచ్చిందనుకుంటున్నరా? రాలే! ముసల్దయ్యేదాక కాకి అరిస్తె ఎగిరిపడ్డది. పండుటాకు రాలినట్టు ఒకనాడు పోయింది. ఆ గొంగట్లనే చుట్టి మట్టి చేసిండ్రు. డప్పు మోగంగనే చంద్రి ఎగిరిపడ్డది. గూడెంల ఒక్కరు నవ్వలే. పక్కనున్న ఆడోళ్లు ఆమె చెయ్యి పట్టుకున్నరు.

అగో, అందుకే కత్తెర దినం మనోళ్లు ఇప్పటికీ గొంగడి దులుపుతరు. మొదట ఎగిరిపడ్డ పిల్ల మెడకు నల్ల ఉన్ని దారం కడుతరు. దాన్ని అమ్మరు, కొయ్యరు. "అది బీరవ్వది" అంటరు. పిల్లలెవరన్న ఉలిక్కిపడితె, వేరే ఊర్లల్ల "ఎందుకే భయం?" అని కసురుకుంటరు. మన దిక్కు కసురుకోరు. పని ఆపి, తిరిగి చూసి, "ఏమినవడ్డది బిడ్డా?" అని అడుగుతరు.

కథ దొడ్డికి చేరింది, తడక ఏసుకుండ్రి.

అగో, ఆ మూలకున్న పోరి ఎగిరిపడ్డది! ఏయ్, నవ్వకుండ్రిరా, నోరు ముయ్యుండ్రి. ఆ మొరిగే కుక్కను జర ఆపుండ్రి. ఇట్రా తల్లీ, నా పక్కకు రా.

ఏమినవడ్డది బిడ్డా?